లండన్‌లో బస్ లేన్: సొంత కారుతో ఎప్పుడు వెళ్లొచ్చు, ఎప్పుడు వెళ్లకూడదు?

ఈస్ట్‌హామ్ కొత్తకారు:

అందరికీ నమస్కారం. వచ్చే నెల నుంచి లండన్‌లో సొంత కారు నడపబోతున్నాను. ఇండియా లైసెన్స్ మీద మొదటి ఏడాది నడపొచ్చని తెలుసు, ఎడమవైపు నడపడం కూడా కొత్త కాదు. బస్ లేన్‌ల సంగతే ఎంత చదివినా తేలడం లేదు. వైజాగ్ బీఆర్‌టీఎస్ రోడ్డులో బస్సుల దారి నడిమధ్యన ఉంటుంది కాబట్టి మన దారి ఏదో చూడగానే తెలుస్తుంది. ఇక్కడ ఎడమ అంచున ఒక గీత తప్ప అడ్డేమీ లేదు. నా సందేహాలు ఇవి:

బోర్డు మీద టైమింగ్స్ లేకపోతే ఏమని అనుకోవాలి? ఎడమకు తిరగాలంటే గీత ఎక్కడ దాటాలి? ముందున్న కారు కుడికి తిరగడానికి ఆగిపోతే బస్ లేన్‌లోంచి పక్కగా వెళ్లిపోవచ్చా? వెనక అంబులెన్స్ వస్తే? మాది ఏడు సీట్ల ఎలక్ట్రిక్ కారు, దానికేమైనా మినహాయింపు ఉందా? పొరపాటున వెళ్తే ఎంత కట్టాలి, లైసెన్స్ మీద పాయింట్లు పడతాయా?

తెలిసినవాళ్లు కాస్త వివరంగా చెప్పండి.

స్ట్రెతమ్ సారథి:

ముందు బోర్డు చదవడం నేర్చుకోండి, మిగతావన్నీ దాని వెనకే వస్తాయి. నీలం రంగు పలక మీద తెల్లటి బస్సు బొమ్మ, దాని పక్కన సైకిల్ బొమ్మ, కొన్నిచోట్ల మోటార్‌సైకిల్ బొమ్మ, టాక్సీ అనే మాట ఉంటాయి. బొమ్మ ఉన్నవాళ్లకే అనుమతి. కారు బొమ్మ ఎక్కడా ఉండదు. ఆ బొమ్మల కింద రోజులు, గంటలు రాసి ఉంటే ఆ గంటల్లో మాత్రమే లేన్ బస్సులది. మిగతా సమయంలో అది మామూలు లేనే, నిశ్చింతగా వెళ్లొచ్చు, వెళ్లాలి కూడా. ఖాళీ లేన్ పక్కన పెట్టుకుని అందరూ కుడివైపు క్యూ కడితే ఎవరికీ లాభం లేదు. టైమింగ్స్ ఏమీ రాయకపోతే మాత్రం 24 గంటలూ, వారంలో ఏడు రోజులూ అని అర్థం. కొత్తవాళ్లు ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడే. "ఏమీ రాయలేదు కాబట్టి ఆంక్ష లేదు" అనుకుంటారు, నిజానికి ఆంక్ష పూర్తిగా ఉన్నట్టు.

లండన్ రోడ్లకు రెండు రకాల యజమానులున్నారు. పెద్ద రోడ్లు, అంటే అంచున ఎర్ర గీతలుండే రెడ్ రూట్లు, ట్రాన్స్‌పోర్ట్ ఫర్ లండన్ చేతిలో ఉంటాయి. మొత్తం రోడ్లలో ఇవి 5 శాతమే అయినా ట్రాఫిక్‌లో 30 శాతం దాకా మోస్తాయి. వీటి మీది బస్ లేన్‌లను 2020లో ట్రయల్‌గా 24 గంటలకు మార్చి, 2021 చివర్లో దాన్నే ఖాయం చేశారు. ఇక్కడ చాలా లేన్‌లు రాత్రి రెండింటికి కూడా బస్సులవే. మిగతా రోడ్లు బరో కౌన్సిళ్లవి, అంటే ఆయా ప్రాంతాల స్థానిక సంస్థలవి. అక్కడ సోమ నుంచి శుక్ర ఉదయం 7 నుంచి 10, సాయంత్రం 4 నుంచి 7. లేదా సోమ నుంచి శని ఉదయం 7 నుంచి సాయంత్రం 7, ఇలా రకరకాలు. ఒకే ప్రయాణంలో రెడ్ రూట్ నుంచి బరో రోడ్డుకు, మళ్లీ రెడ్ రూట్‌కు మారుతూ ఉంటారు. అందుకే వెనకటి బోర్డు గుర్తు పెట్టుకుని నడపకండి. ప్రతి జంక్షన్ దాటాక లేన్ కొత్తగా మొదలైనట్టే, బోర్డు మళ్లీ చదవాలి.

రోడ్డు ఎర్రగా ఉంటేనే బస్ లేన్ అనుకోవద్దు. కొన్నిచోట్ల ఎర్ర రంగు వేస్తారు, కొన్నిచోట్ల వేయరు. లెక్కలోకి వచ్చేది లావు తెల్లగీత, నేల మీద రాసిన బస్ లేన్ అనే అక్షరాలు, పక్కన బోర్డు.

ఇక ఎడమ మలుపు. గీత అఖండంగా ఉన్నంతవరకు అమల్లో ఉన్న గంటల్లో దాటకూడదు. జంక్షన్‌కు కొంచెం ముందు ఆ గీత ఆగిపోతుంది, లేదా ముక్కల గీతగా మారుతుంది. లోపలికి రావాల్సింది అక్కడ. ఎడమ ఇండికేటర్ ముందే వేసి, వేగం తగ్గించి, గీత విడిపోయేదాకా మీ లేన్‌లోనే ఉండండి. వెనక కారు హారన్ కొట్టినా సరే. లోపలికి వచ్చే ముందు ఎడమ అద్దం చూడండి, తల తిప్పి భుజం మీదుగా కూడా చూడండి. బస్ లేన్‌లో సైకిళ్లు, మోటార్‌సైకిళ్లు మీకంటే వేగంగా వస్తుంటాయి, ఎందుకంటే మీ లేన్ ఆగి ఉంటుంది, వాళ్లది ఖాళీ. 2022 జనవరిలో హైవే కోడ్‌లో, అంటే ఇక్కడి రోడ్డు నియమాల పుస్తకంలో, చేర్చిన హెచ్3 నియమం ప్రకారం నేరుగా వెళ్తున్న సైకిల్ ముందు నుంచి కోసుకుంటూ తిరగకూడదు, వాళ్లు వెళ్లేదాకా ఆగాలి. జరిమానా కంటే ఇది నాకు ముఖ్యంగా తోస్తుంది. గీత దాటినందుకు డబ్బుతో పోతుంది, అద్దం చూడకపోతే మనిషి పోతాడు.

దీనికి రెండో వైపు కూడా ఉంది. చిన్న వీధిలోంచి ఎడమకు తిరిగి పెద్ద రోడ్డెక్కితే, మీ చక్రాలు సూటిగా బస్ లేన్‌లోకే దిగుతాయి. అక్కడే కాసేపు నడుపుతూ సందు దొరికినప్పుడు కుడికి మారదామంటే కుదరదు. వీధి చివర ఆగి, బస్ లేన్, దాని పక్క లేన్ రెండూ ఖాళీ అయ్యాక ఒకేసారి రెండో లేన్‌లోకి వెళ్లాలి. ఇంటి డ్రైవ్‌వేలోంచి వచ్చేటప్పుడూ అంతే. అడ్డంగా దాటడం తప్పు కాదు, దాని వెంబడి నడపడం తప్పు.

నాలుగో గేరు:

సారథి గారు చెప్పినవి సరిగ్గా ఉన్నాయి. సీట్ల సంగతి నేను చెప్తాను. ఏడు సీట్లకు మినహాయింపు లేదు. బోర్డు మీది బస్సు బొమ్మ డ్రైవర్ కాకుండా ఎనిమిది మందికి మించి కూర్చునేలా తయారైన వాహనానికి వర్తిస్తుంది, అంటే డ్రైవర్‌తో కలిపి పది సీట్లు లేదా అంతకు మించి. తొమ్మిది సీట్ల వ్యాన్ కూడా రాదు. పైగా బోర్డు మీద లోకల్ అనే మాట ఉంటే అది స్థానిక రూట్ బస్సులకే, పది సీట్ల మినీబస్సుకు కూడా కాదు. కారు ఎలక్ట్రిక్ అయినా డీజిల్ అయినా తేడా లేదు, బోర్డు మీద ప్రత్యేకంగా రాస్తే తప్ప. వికలాంగులకు ఇచ్చే పార్కింగ్ కార్డు బ్లూ బ్యాడ్జ్ ఉన్నా బస్ లేన్‌లో నడపడానికి అది పనికిరాదు.

ఆదివారం, సెలవురోజు అయితే ఎలాగూ ఫ్రీయే కదా, వాటి గురించి పెద్దగా ఆలోచించక్కర్లేదు.

స్ట్రెతమ్ సారథి:

నాలుగో గేరు గారూ, ఆ చివరి మాట నమ్మి ఎవరైనా వెళ్తే నోటీసు వస్తుంది. బోర్డు మీద సోమ నుంచి శని అని ఉంటేనే ఆదివారం ఫ్రీ. 24 గంటల లేన్‌కు ఆదివారం అంటూ ఏమీ లేదు. బ్యాంక్ హాలిడే, అంటే ఇక్కడి ప్రభుత్వ సెలవు, ఇంకా మోసం చేస్తుంది. సోమ నుంచి శుక్ర అని రాసి ఉండి, సోమవారం బ్యాంక్ హాలిడే వచ్చిందనుకోండి, లేన్ ఆ రోజు కూడా అమల్లోనే ఉంటుంది, సెలవురోజుల్లో వర్తించదని బోర్డు మీదే రాస్తే తప్ప. లండన్‌లో చాలా బోర్డుల మీద అలా రాయరు. రోడ్లు ఖాళీగా ఉన్నాయి కాబట్టి రూల్ కూడా సెలవులో ఉందనుకుని క్రిస్మస్ రోజు, ఈస్టర్ సోమవారం జనం దొరికిపోతారు.

ఇంకొకటి. సాయంత్రం 4కు మొదలయ్యే లేన్‌లో 3:58కి ప్రవేశించి ట్రాఫిక్‌లో ఇరుక్కుంటే, 4 దాటాక మీరు లోపల ఉన్న ప్రతి క్షణం లెక్కే. ముందే బయటికి రావాలి. కెమెరా గడియారం మీ డాష్‌బోర్డు గడియారం చూసి నడవదు.

ఈస్ట్‌హామ్ కొత్తకారు:

చాలా థాంక్స్ అండీ ఇద్దరికీ. ఎడమ మలుపు ఇప్పుడు స్పష్టమైంది. కుడికి తిరిగే కారు, అంబులెన్స్ సంగతి కూడా చెప్పండి. ఇంకో చిన్న అనుమానం, బస్ లేన్‌లో ఒక్క నిమిషం ఆపి మనిషిని దింపొచ్చా?

ఉప్పాడ కెరటం:

ముందు కారు కుడికి తిరగడానికి ఆగి ఉంటే మీరు దాని వెనకే ఆగాలి. పక్క నుంచి బస్ లేన్‌లోకి దూరి వెళ్లడం నోటీసులు తెచ్చిపెట్టే మామూలు కారణాల్లో ఒకటి. ఆ కారు కాసేపట్లో కదిలిపోతుంది కాబట్టి దాన్ని అడ్డంకిగా లెక్కించరు. కారు చెడిపోయి నిలిచిపోవడం, యాక్సిడెంట్ అయ్యి దారి మూసుకుపోవడం, యూనిఫాంలో ఉన్న పోలీసు స్వయంగా చెయ్యి చూపి పంపడం, ఎదురుగా ప్రమాదం తప్పించుకోవడం, ఇవి వేరు. ఇలాంటి వాటికి ట్రాఫిక్ ఆర్డర్లలో సాధారణంగా మినహాయింపు ఉంటుంది. అయితే కెమెరాకు కారణం తెలియదు, నోటీసు వస్తుంది, అప్పుడు మీరు రుజువు చూపాలి. అందుకే డాష్‌క్యామ్ పెట్టించుకోండి. అలాంటి ఘటన జరిగిన రోజే ఆ క్లిప్ పక్కన దాచండి. మెమరీ కార్డు నిండాక డాష్‌క్యామ్ పాతవి తుడిచేస్తుంది, నోటీసు మాత్రం వారాల తర్వాత వస్తుంది.

అంబులెన్స్ విషయంలో హైవే కోడ్ 219వ నియమం దారి ఇవ్వమంటూనే, ట్రాఫిక్ గుర్తులన్నీ పాటిస్తూ ఇవ్వమంటుంది. మనసుకు కష్టంగా ఉండే నియమమే. ఆచరణలో ఇలా చేయండి: కంగారుపడి ఎడమకు కొయ్యకండి. చాలాసార్లు అంబులెన్స్ డ్రైవరే ఖాళీ బస్ లేన్‌ను వాడుకుంటాడు, మీరు అందులోకి దూరితే అతని దారికే అడ్డం. మీ లేన్‌లోనే నెమ్మదించి, అతను ఎటు వస్తున్నాడో అద్దంలో చూసి, ఎక్కడ చోటుందో అక్కడ ఒదగండి. తప్పనిసరై చక్రం గీత దాటితే, అతను వెళ్లిన వెంటనే మీ లేన్‌లోకి రండి. దాటి కొన్ని గజాలు ముందుకు సాగిపోతేనే సమస్య. నోటీసు వచ్చినా, వీడియోలో వెనక నీలి దీపాలు కనిపిస్తే వాదన బలంగా ఉంటుంది.

ఆపడం గురించి: హైవే కోడ్ 141వ నియమం, నిషేధం లేని చోట సామాను ఎక్కించడానికి, దించడానికి బస్ లేన్‌లోకి వచ్చి ఆగొచ్చంటుంది. నిషేధం లేని చోట అన్నదే అసలు షరతు. అంచున రెండు ఎర్ర గీతలుంటే ఎప్పుడూ ఆగకూడదు. ఒక ఎర్ర గీత అయితే పక్క బోర్డు మీది గంటల్లో ఆగకూడదు. బస్ స్టాప్ గళ్లలో లావు పసుపు గీత ఉంటే అక్కడ కూడా అంతే. బస్ లేన్ టైం అయిపోయినంత మాత్రాన ఆగొచ్చని అనుకోకండి. నడపడానికి ఒక నియమం, ఆగడానికి ఇంకొకటి, రెండూ వేర్వేరు బోర్డులు. మనిషిని దింపాలంటే పక్క వీధిలోకి తిరిగి దింపడమే మేలు.

టాక్సీ అన్న మాట కూడా చాలామందిని తప్పుదారి పట్టిస్తుంది. అది నల్ల క్యాబ్‌లకే. ఊబర్ లాంటి మినీక్యాబ్ నడిపేవాళ్లకు లండన్‌లో ప్రయాణికుల్ని ఎక్కించుకోవడానికి, దింపడానికి బస్ లేన్‌లో ఆగే వెసులుబాటు ఉంది తప్ప, దాని వెంట పోయే హక్కు లేదు. మన కుర్రాళ్లు చాలామంది ఈ పనిలో ఉన్నారు కాబట్టి చెప్తున్నాను.

నోటీసు చదివేవాడు:

డబ్బు, కాగితాల సంగతి నేను రాస్తాను.

లండన్‌లో బస్ లేన్ పెనాల్టీ చార్జ్ నోటీసు, అందరూ పీసీఎన్ అంటారు, 160 పౌండ్లు. 14 రోజుల్లో కడితే సగం, 80 పౌండ్లు. ఇంగ్లాండ్‌లో లండన్ బయట 70 పౌండ్లు, త్వరగా కడితే 35. ఇది సివిల్ వ్యవహారం, క్రిమినల్ కాదు. లైసెన్స్ మీద పాయింట్లు పడవు. నోటీసు మీద కోడ్ 34 ఉంటుంది, బస్ లేన్‌లో ఉండటం అని దాని అర్థం. అసలు బస్సులు, బోర్డు మీద ఉన్న ఇతర వాహనాలు తప్ప ఇంకేవీ వెళ్లకూడని చిన్న తునక, అంటే బస్ గేట్ దాటితే 33 రావచ్చు. బస్ గేట్‌లో పక్క లేన్ అంటూ ఉండదు, రోడ్డు మొత్తం నిషిద్ధమే. ఫోన్‌లో మ్యాప్ అటే వెళ్లమన్నా బోర్డుదే పైమాట. ముందే బోర్డు కనబడుతుంది, సాధారణంగా అక్కడే పక్కకు తిరిగే దారి కూడా ఉంటుంది.

నోటీసు కారు నడిపినవాడికి కాదు, రిజిస్టర్డ్ కీపర్‌కు, అంటే కారు ఎవరి పేరున నమోదై ఉందో వారికి, పోస్టులో వస్తుంది. సాధారణంగా తప్పు జరిగిన 28 రోజుల్లో అందాలి. కొత్తగా వచ్చినవాళ్లు ఎక్కువ డబ్బు పోగొట్టుకునేది ఇక్కడే. వాళ్లు ఇల్లు మారతారు, కారు కాగితం వీ5సీ మీద పాత అడ్రసు అలాగే ఉంటుంది. ఉత్తరం పాత ఇంటికి పోతుంది, సగం ధర గడువు పోతుంది, తర్వాత పూర్తి ధర గడువు పోతుంది. అప్పుడు చార్జ్ సర్టిఫికెట్ వస్తుంది, సొమ్ము ఒకటిన్నర రెట్లు అవుతుంది, లండన్‌లో 240 పౌండ్లు. అదీ కట్టకపోతే నార్తాంప్టన్‌లోని ట్రాఫిక్ ఎన్‌ఫోర్స్‌మెంట్ సెంటర్‌లో అప్పుగా నమోదై, చివరికి ఎన్‌ఫోర్స్‌మెంట్ ఏజెంట్లు, అంటే బెయిలిఫ్‌లు తలుపు కొడతారు, వాళ్ల ఫీజులు వేరు. ఇల్లు మారిన వెంటనే వాహనాలు, లైసెన్సులు నమోదు చేసే సంస్థ డీవీఎల్‌ఏ వెబ్‌సైట్‌లో వీ5సీ అడ్రసు మార్చండి, ఖర్చు లేదు. మార్చకపోతే దానికే వెయ్యి పౌండ్ల దాకా జరిమానా పడొచ్చు. లైసెన్స్‌లో అడ్రసు మార్చితే వీ5సీలో దానంతటదే మారదు, రెండూ విడివిడిగా మార్చాలి.

నోటీసు చేతికి రాగానే కట్టేయకండి, చించేయకండి కూడా. ముందు దాని మీది నంబరు, కారు నంబరు వెబ్‌సైట్‌లో వేసి ఫోటోలు, వీడియో చూడండి. మూడు విషయాలు చూడాలి: అది మీ కారేనా, ఆ సమయానికి లేన్ అమల్లో ఉందా, గీత ముక్కలైన చోట మీరు లోపలికి వచ్చారా, అంతకు ముందే వచ్చారా. అభ్యంతరం ఉంటే 28 రోజుల్లో రాతపూర్వకంగా పంపాలి. దీన్ని రిప్రెజెంటేషన్ అంటారు. 14 రోజుల్లోపే పంపితే, వాళ్లు తిరస్కరించినా సగం ధరకు మళ్లీ కొంత గడువు సాధారణంగా ఇస్తారు. అందుకే ఆలస్యం చేయకండి. తిరస్కరణ వచ్చాక ఇంకో 28 రోజుల్లో లండన్ ట్రిబ్యునల్స్‌కు వెళ్లొచ్చు. బయటి ఊళ్లయితే ట్రాఫిక్ పెనాల్టీ ట్రిబ్యునల్. అప్పీలుకు ఫీజు లేదు. ఓడిపోతే పూర్తి సొమ్ము కట్టాలి, సగం ధర ఇక ఉండదు. ఒకసారి కట్టేశారంటే కేసు మూసినట్టే, కట్టి మళ్లీ వాదించడం కుదరదు.

"ఊరికి కొత్త", "నాకు తెలియదు", "లేన్ ఖాళీగా ఉంది", వీటితో పని జరగదు. పని చేసేవి వేరే: బోర్డు చెట్టు కొమ్మల వెనక దాక్కుంది, గీత చెరిగిపోయింది, కారు అప్పటికే అమ్మేశాను, దొంగిలించారు. బోర్డు సరిగ్గా లేదని వాదించాలంటే మరుసటి రోజే వెళ్లి, మీరు వచ్చిన దిక్కు నుంచి, డ్రైవర్ కూర్చునే ఎత్తులో ఫోటోలు తీయండి. మొబైల్ ఎత్తి పట్టుకుని పైనుంచి తీసినవి చూసి ట్రిబ్యునల్‌లో తీర్పు చెప్పే అడ్జుడికేటర్ ఒప్పుకోరు.

పెనాల్టీ బాకీ ఉందని ఫోన్‌కు మెసేజ్ వచ్చి, లింకు నొక్కి కట్టమంటే అది మోసమే. మొదటి నోటీసు పోస్టులో వస్తుంది.

ఈస్ట్‌హామ్ కొత్తకారు:

ఇంత వివరంగా చెప్పినందుకు అందరికీ నమస్కారాలు. కారు లీజ్ మీద తీసుకుంటున్నా, కీపర్‌గా లీజ్ కంపెనీ ఉంటుంది. అప్పుడు నోటీసు నాకెలా వస్తుంది?

నోటీసు చదివేవాడు:

ముందు వాళ్లకే వెళ్తుంది. అక్కడ రెండు దారులున్నాయి. కొన్ని కంపెనీలు మీ పేరు, అడ్రసు ఇచ్చి బాధ్యత మీకు బదిలీ చేస్తాయి. అప్పుడు మీ పేరు మీద కొత్త నోటీసు వస్తుంది, మీ గడువులు దాని తేదీ నుంచి మొదలవుతాయి, అభ్యంతరం చెప్పే హక్కు మీదే. కొన్ని కంపెనీలు తామే కట్టేసి, మీ కార్డు నుంచి ఆ సొమ్ముతో పాటు అడ్మిన్ ఫీజు కూడా లాగేస్తాయి. అప్పుడు మీరు వాదించడానికి ఏమీ మిగలదు. సంతకం పెట్టే ముందు ఒప్పందంలో జరిమానాల పేరా వెతికి చదవండి. బాధ్యత బదిలీ చేస్తామని రాసి ఉందా, ఫీజు ఎంత అన్నది చూడండి. ముందే కట్టేసే పద్ధతి అయితే, పెనాల్టీ విషయం మీకు చెప్పి వారం గడువు ఇచ్చాకే కట్టాలని ఈమెయిల్‌లో రాయించుకోండి. రోజువారీ అద్దె కార్లకు కూడా ఇదే చూసుకోవాలి.

ఉప్పాడ కెరటం:

ఇంకొక్క మాట కొత్తకారు గారికి. మొదటిసారి ఆ రూట్‌లో వెళ్లే ముందు కంప్యూటర్‌లో స్ట్రీట్ వ్యూ తెరిచి, ఇంటి నుంచి ఆఫీసు దాకా ఎడమ అంచున బోర్డులు ఒక్కొక్కటీ చూసుకుంటూ వెళ్లండి. చిత్రం ఏ ఏడాదిదో మూలన రాసి ఉంటుంది. 2021కి ముందుదైతే రెడ్ రూట్ మీది టైమింగ్స్ నమ్మకండి.